వేలు తియ్యబాక!

మద్రాసులో పాత పుస్తకాల సంగతి ఎవరు ఎత్తినా మూర్ మార్కెట్‌తోనే మొదలుపెడతారు. నాకా భాగ్యం దక్కలేదు. 1985లో అది తగలబడేనాటికి నాకు ఏడేళ్ళు. కాలిపోయిన చోట సబర్బన్ రైల్వేస్టేషన్ కట్టారు, లోకల్ రైళ్ళకి ఇప్పటికీ అది మూర్ మార్కెట్ కాంప్లెక్సే. పుస్తకాల కొట్లు పక్కనే అల్లిక్కుళం కాంప్లెక్స్‌లోకి చేరాయి. నేనెరిగిన పాత పుస్తకాల బజారు అది. మెడికల్ పుస్తకాలూ, బ్యాంకు పరీక్షల గైడ్లూ మనిషెత్తున పేర్చి ఉండేవి. మనకి కావలసింది ఎప్పుడూ అడుగునే ఉండేది. మనం లాగితే పైనున్నదంతా కూలుతుంది కాబట్టి కొట్టతనే తీసివ్వాలి. తీసిచ్చేలోపు మన మొహం చూసి రేటు పెంచేసేవాడు.

మేం రైలుపెట్టెలు తయారుచేసే ఐ.సి.ఎఫ్. ఫ్యాక్టరీ క్వార్టర్స్‌లో ఉండేవాళ్ళం. నాన్న ఆఫీసులో గుమాస్తా, మా చిన్న మావయ్య ఫ్యాక్టరీ షాపులో ఫిట్టర్. మావయ్యది గూడూరు తాలూకాలో బకింగ్‌హామ్ కాలవ ఒడ్డు పల్లె. ఉద్యోగం వచ్చి మద్రాసు చేరాక పెళ్ళయ్యేదాకా మాతోనే ఉన్నాడు. ఇంగ్లీషు పెద్దగా రాదు. స్పానర్, గేజ్, ఓవర్‌టైమ్, అంతవరకే. కానీ పుస్తకాల పిచ్చి. ఆదివారం విల్లివాక్కంలో లోకల్ ఎక్కి నన్ను వెంటబెట్టుకుని అల్లిక్కుళం వెళ్ళేవాడు. ఆయన పాత చందమామలు వెతుక్కునేవాడు, నేను బొమ్మలున్న ఇంగ్లీషు పుస్తకాలు వెతుక్కునేదాన్ని.

1989 వేసవి సెలవుల్లో దొరికిందా పుస్తకం. ఆకుపచ్చ వెన్ను, అట్ట మీద గడ్డం మాంత్రికుడు, కింద పఫిన్ ప్రచురణలవాళ్ళ పక్షి బొమ్మ. పేరు ద వార్లాక్ ఆఫ్ ఫైర్‌టాప్ మౌంటెన్. లోపల చూస్తే పేరాలకి అంకెలున్నాయి. ఒకటో పేరా చివర ఇటు వెళ్తే ఫలానా అంకెకి పో, అటు వెళ్తే ఇంకో అంకెకి పో అని ఉంది. మొదటి పేజీల్లో ఒక ఫారం ఉంది, అందులో ముందు ఎవరో పెన్సిల్‌తో అంకెలు వేసి, చెరిపి, మళ్ళీ వేసి, కాగితం పలచబడేదాకా చెరిపి ఉన్నారు. "ఏందిమే ఇది, లెక్కల పుస్తకమా?" అన్నాడు మావయ్య. రాక్షసులున్న లెక్కల పుస్తకం అన్నాను. కొనిచ్చాడు.

ఈ తరహా పుస్తకాలని గేమ్‌బుక్స్ అంటారు. స్టీవ్ జాక్సన్, ఇయన్ లివింగ్‌స్టన్ అని ఇద్దరు ఇంగ్లండువాళ్ళు 1982లో రాసిన ఆ పుస్తకంతోనే ఫైటింగ్ ఫాంటసీ వరస మొదలైంది. ఇద్దరూ గేమ్స్ వర్క్‌షాప్ అనే ఆటల కంపెనీ పెట్టినవాళ్ళు. కథ సగం దాకా, అంటే కొండ లోపల పారే నది దాకా లివింగ్‌స్టన్ రాస్తే, నది దాటాక జాక్సన్ రాశాడట. ఈ ముక్క నాకు చాలా ఏళ్ళ తర్వాత తెలిసింది. తెలిశాక మళ్ళీ చదివితే నిజమే, నది అవతల కథ చెప్పే చెయ్యి మారినట్టే ఉంటుంది.

ముందు మన మనిషిని మనం తయారుచేసుకోవాలి. స్కిల్‌కి ఒక పాచిక వేసి ఆరు కలపాలి. స్టామినాకి రెండు పాచికలు వేసి పన్నెండు కలపాలి. లక్‌కి మళ్ళీ ఒకటి వేసి ఆరు. యుద్ధమొస్తే మన తరఫున రెండు పాచికలు, రాక్షసుడి తరఫున రెండు. ఎవరి పాచికలకి వాళ్ళ స్కిల్ కలిపి, తక్కువ వచ్చినవాడికి రెండు స్టామినా కోత. లక్ సంగతి ఇంకా చిత్రం. అదృష్టం పరీక్షించుకున్న ప్రతిసారీ, గెలిచినా ఓడినా, ఒక పాయింటు తగ్గిపోతుంది. ఎంత వాడితే అంత తరుగుతుందన్నమాట. అమ్మమ్మకి ఆ పుస్తకంలో బాగా నచ్చిన రూలు ఇదే.

పాచికల దగ్గర గొడవ వచ్చింది. "ధర్మరాజు కథ తెలిసి కూడా ఇంట్లో పాచికలా?" అంది అమ్మ. సరే, అష్టాచెమ్మా గవ్వలతో ఆడదామన్నాడు మావయ్య. నాలుగు గవ్వలు వేస్తే రెండే ఎక్కువసార్లు పడుతుంది, ఐదూ ఆరూ అసలు పడవు. మా వీరుడు కొండ గుమ్మం దాటకుండానే చచ్చేలా ఉన్నాడు. చివరికి పక్కింటివాళ్ళ లూడో సెట్లో పాచికలు అరువు తెచ్చి, చప్పుడు కాకుండా మడత పెట్టిన తువ్వాలు మీద వేసేవాళ్ళం. రాత్రి ఎనిమిదింటికి భోజనాలయ్యాక వరండాలో చాప, మధ్యలో తువ్వాలు, దాని మీద పాచికలు. నాన్న పేపరు చదువుకుంటున్నట్టు కూర్చునేవాడు గానీ పేజీ తిప్పేవాడు కాదు.

వీరుడికి పేరు మావయ్యే పెట్టాడు, ఖడ్గవర్మ అని. చందమామలో వచ్చిన యక్షపర్వతం సీరియల్లో ఖడ్గవర్మ, జీవదత్తుడు అని ఇద్దరు వీరులు. ఆ సీరియల్ పేజీలు నెలనెలా చింపి దాచి, గూడూరులో కాలికో బైండు చేయించుకున్నాడు మావయ్య. ట్రంకుపెట్టెలో బట్టల కింద ఉండేది ఆ బైండు. దానితోపాటు మాయాసరోవరం కూడా. జానపద ఫాంటసీ అనే మాట మాకప్పుడు తెలీదు. మాంత్రికుల కథలు అనేవాళ్ళం. అవి రాసింది దాసరి సుబ్రహ్మణ్యం అని కూడా తెలీదు, పత్రికలో ఆయన పేరు వేసేవాళ్ళు కాదు. 1954లో తోకచుక్కతో మొదలుపెట్టి పాతికేళ్ళపాటు ఒకదాని తర్వాత ఒకటి రాసిన మనిషి, వడపళనిలో ఆ ఆఫీసులోనే కూర్చుని పనిచేస్తున్నాడని తెలిస్తే మావయ్య ఎలాగైనా వెళ్ళి కలిసేవాడు. ఒకసారి నన్ను వడపళని గుడికి తీసుకెళ్ళినప్పుడు చందమామ ఆఫీసు గేటు దాకా నడిపించి, "ఇక్కడే మే, అచ్చయ్యేది" అని చూపించాడు. వాచ్‌మన్ మమ్మల్ని చూశాడు. మేం గేటు చూసి వచ్చేశాం.

కాబట్టి ఆ ఇంగ్లీషు పుస్తకం మా ఇంట్లోకి రాగానే అగ్గికొండ మాంత్రికుడు అయిపోయింది. నేను ఇంగ్లీషులో చదివి తెలుగులో చెప్పాలి. ఎటు వెళ్ళాలో మావయ్య తేలుస్తాడు. అమ్మమ్మ బీన్స్ ఈనెలు తీస్తూ తప్పొప్పులు చెబుతుంది. అట్ట మీద మాత్రం హీరో నువ్వే అని రాసుంటుంది. మా ఇంట్లో నేను ఒక్కసారి కూడా హీరోని కాలేదు, చదివే పిల్లని మాత్రమే.

కొండలోకి దిగగానే దారి రెండుగా చీలుతుంది. పడమటికి వెళ్తే కాపలా గది ముందు తోలు కవచం వేసుకున్న ఒక వికారపు జీవి నిద్రపోతూ ఉంటుంది. చప్పుడు కాకుండా దాటిపోవాలి, అంటే అదృష్ట పరీక్ష. మొదటిసారి పాచికలు బాగా పడలేదు. కాలి కింద రాళ్ళు కరకరమన్నాయి, వాడు లేచాడు. తర్వాతిసారి మావయ్యకి ఇంకో ఆలోచన వచ్చింది. "నిద్రలో ఉండగానే పొడిచేస్తే పోలా?" అన్నాడు. పుస్తకంలో ఆ దారే లేదన్నాను. పుస్తకంలో లేకపోతే ఏం, వీరుడి చేతిలో కత్తి ఉంది కదా అని ఆయన పట్టు. అమ్మమ్మ చేతిలో బీన్స్ కాయ పక్కనపెట్టి, "నిద్రపోయేవాణ్ణి చంపినోడు అశ్వత్థామ. ఏమైనాడు? ఇప్పటికీ రసి కారతా తిరగతా ఉండాడు" అంది. పేపరు వెనక నుంచి నాన్న, "ఉపపాండవులు పాపం పిల్లలండీ, వీడు రాక్షసుడు కదా" అన్నాడు. రాక్షసుడైతే నిద్రపోడా అంది అమ్మమ్మ. ఆ రాత్రి ఆట ముందుకు సాగలేదు. భారతం సౌప్తిక పర్వం దగ్గర మొదలై, పక్కింటి కాపలావాడు డ్యూటీలో నిద్రపోవడం దాకా వెళ్ళింది.

ఇంకోటి నది. ఒడ్డున గంట, బోర్డు మీద పడవకి రెండు బంగారు నాణేలు అని ఉంటుంది. గంట కొడితే ముసలి పడవవాడు వచ్చి మూడు అడుగుతాడు. ఎందుకయ్యా అంటే ధరలు పెరిగాయంటాడు. రచయితల చమత్కారం అది. మావయ్యకి నవ్వు రాలేదు, ఒళ్ళు మండింది. "బోర్డు మీద రెండని రాసి మూడడిగేదేంది? వీడేమన్నా సెంట్రల్ స్టేషన్ ఆటోవాడా?" అని, ఇవ్వనని బెదిరించమన్నాడు. బెదిరిస్తే ఆ ముసలాడు మన కళ్ళముందే ఎలుక మనిషిగా మారి మీద పడతాడు. ఆ కొట్లాటలో ఖడ్గవర్మ స్టామినా సగం పోయింది. మామూలు మనిషెవడైనా తర్వాతిసారి మూడు నాణేలు పడేసి ఊరుకుంటాడు. మావయ్య మాత్రం ఎన్నిసార్లు ఆడినా పడవవాడితో పోట్లాడాల్సిందే. ఒక నాణెం కోసం కాదు మే, న్యాయం కోసం అనేవాడు. ఆదివారాలు సెంట్రల్ దగ్గర ఆటోవాళ్ళతోనూ ఇదే వరస.

ఇక వేళ్ళ సంగతి. గేమ్‌బుక్ ఆడినవాళ్ళెవరికైనా తెలుస్తుంది, అసలు ఆట పాచికల్లో లేదు, వేళ్ళలో ఉంది. ప్రమాదం అనిపించిన మలుపు దగ్గర ఎడమచేతి బొటనవేలు ఉన్న పేజీలో పెట్టి, కుడిచేత్తో కొత్త అంకె వెతికి చూస్తాం. అక్కడ "నీ సాహసయాత్ర ఇంతటితో సమాప్తం" లాంటిది కనబడితే, ఏమీ చూడనట్టు వెనక్కి వచ్చేస్తాం. మెల్లగా బొటనవేలు చాలదు. చూపుడువేలు రెండు మలుపుల వెనక, మధ్యవేలు తాళంచెవి దొరికిన చోట, ఉంగరం వేలు పడవవాడి దగ్గర. కుడిచెయ్యి ఖాళీ లేక పేజీలు అమ్మమ్మ తిప్పిన రోజులున్నాయి. "వేలు తియ్యబాక, వేలు తియ్యబాక!" అని మావయ్య గొంతు తగ్గించి అరిచేవాడు, అమ్మ వినకుండా. ఆ పుస్తకం అంచులు మిక్చరు నూనెకి ఎక్కడెక్కడ గోధుమరంగు తిరిగాయో చూస్తే మేం ఎక్కడెక్కడ భయపడ్డామో చెప్పొచ్చు.

వేళ్ళతో కూడా గట్టెక్కని చోటు చివర ఉంది. మాంత్రికుణ్ణి చంపినా సరే, నిధిపెట్టె తెరవడానికి దారిలో దొరికే తాళంచెవులు సరైనవి కావాలి. తాళంచెవుల మీద అంకెలుంటాయి, వాటిని కూడితే వచ్చే మొత్తమే తర్వాత తిప్పాల్సిన పేరా. పుస్తకం అడగదు, చూపించదు, లెక్క మన దగ్గర ఉంటే ఉంది, లేకపోతే లేదు. అందుకే మోసం చేసి 400వ పేరా చదవడం సులువు, నిజంగా అక్కడికి చేరడం కష్టం. చివరి ముందున్న చిక్కుదారి అయితే గ్రాఫ్ పేపర్ లేకుండా దాటే పని కాదు. మావయ్య షాపు నుంచి డ్రాయింగ్ షీటు చివరి ముక్కలు తెచ్చి, ఫిట్టర్ చేతితో గీసిన మ్యాపు నా దగ్గర చాలాకాలం ఉండేది. కొలతలతో సహా గీశాడు, పుస్తకంలో కొలతలు లేకపోయినా.

ఆ తర్వాత అయనావరంలో ఒక లెండింగ్ లైబ్రరీలో లోన్ వుల్ఫ్ పుస్తకాలు దొరికాయి. జో డెవర్ రాసినవి, మొదటిది 1984లో వచ్చింది. ఇక్కడ పాచికలు అక్కర్లేదు. పుస్తకం చివర అంకెల పట్టిక ఉంటుంది, కళ్ళు మూసుకుని పెన్సిల్ మొన పెడితే ఏ అంకె మీద పడితే అది. అమ్మ అభ్యంతరం పోయింది. మావయ్య నిజాయితీ కూడా పోయింది, వారం తిరక్కుండానే తొమ్మిది ఎక్కడెక్కడుందో ఆయన చేతికి తెలిసిపోయింది. ఈ వరసలో గొప్ప ఏమిటంటే ఒక పుస్తకంలో సంపాదించిన విద్యలు తర్వాతి పుస్తకానికి తీసుకెళ్ళొచ్చు. పది విద్యల్లో ఐదు ఎంచుకోవాలి. దారిలో అప్పుడప్పుడు ఇప్పుడు తినాలి అంటుంది పుస్తకం, మూటలో తిండి లేకపోతే ఒంట్లో శక్తి మూడు తగ్గుతుంది. వేట విద్య ఉంటే తిండి మొయ్యక్కర్లేదు. ఆకలి సంగతి పట్టించుకున్న రచయిత అని అమ్మమ్మకి డెవర్ మీద గౌరవం. నాకైతే ఇప్పటికీ ఫైటింగ్ ఫాంటసీ కంటే లోన్ వుల్ఫే బాగా రాసిన కథ అనిపిస్తుంది. మావయ్య ఒప్పుకోడు. పడవవాడు ఉన్నదే గొప్ప పుస్తకం అంటాడు.

1991లో మావయ్యకి పెళ్ళై ఆవడిలో వేరే ఇల్లు తీసుకున్నాడు. చాప మీద ఆట దాదాపు ఆగిపోయింది.

ఇంజనీరింగ్ కాలేజీలో చేరాక కంప్యూటర్ ల్యాబులో జోర్క్ అనే ఆట పరిచయమైంది. అప్పటికే అది పాత సరుకు. ఎలక్ట్రానిక్స్ కొట్లుండే రిచీ స్ట్రీట్ నుంచి ఎవరో ఫ్లాపీలో తెచ్చారు. బొమ్మల్లేవు, నల్ల తెర మీద తెల్ల అక్షరాలు. తెల్ల ఇల్లు, ముందు పోస్టు డబ్బా. ఏం చేస్తావో మనమే టైపు చెయ్యాలి. డబ్బా తెరువు, దీపం తీసుకో, తివాచీ జరుపు. తివాచీ కింద నేలతలుపు, దిగగానే అది పైన ధడాలున మూసుకుంటుంది. దీపం లేకుండా చీకట్లో తిరిగితే గ్రూ అనే జంతువు తినేస్తుంది. దీపం బ్యాటరీ కూడా ఖర్చవుతూ ఉంటుంది, ఆ టెన్షన్ ఇప్పటికీ గుర్తుంది. డాట్ మ్యాట్రిక్స్ ప్రింటర్ కాగితం వెనక మ్యాపు గీసుకుంటూ, ల్యాబ్ అసిస్టెంట్ వస్తే పాస్కల్ ప్రోగ్రాం తెరిచేవాళ్ళం.

అమెరికాలో ఎం.ఐ.టి.లో 1977లో మొదలుపెట్టి మెయిన్‌ఫ్రేమ్ అనే పెద్ద కంప్యూటర్ మీద రాసిన ఆట అది. ఇళ్ళలో కంప్యూటర్లకి పట్టదని మూడు ముక్కలు చేసి ఇన్ఫోకామ్ పేరుతో అమ్మారు. వాళ్ళు చేసిన తెలివైన పని ఒకటుంది. కథని ఒక ఫైలుగా ఉంచి, దాన్ని నడిపే ప్రోగ్రాంని వేరుగా రాశారు. ఏ కొత్త మెషీన్ వచ్చినా ఆ నడిపే ప్రోగ్రాం ఒకటి రాసుకుంటే చాలు, పాత కథలన్నీ నడుస్తాయి. ఆ కంపెనీ 1989లోనే మూతపడింది, కథలు మాత్రం నా ఫోన్లో ఇవాళ కూడా నడుస్తున్నాయి. జోర్క్‌కి ముందు విల్ క్రౌథర్ రాసిన గుహ ఆట ఉంది, కొలోసల్ కేవ్ అడ్వెంచర్. ఆయన గుహలు తిరిగే మనిషి, కెంటకీలోని మామత్ కేవ్‌లో తాను చూసిన దారుల్నే కంప్యూటర్‌లోకి ఎక్కించాడు. భార్యతో విడిపోయాక, తన కూతుళ్ళు ఆడుకోవాలని రాశాడట. దాన్ని 1977లో డాన్ వుడ్స్ పెంచాడు.

జోర్క్ నాకు నచ్చింది, మనసు మాత్రం పూర్తిగా నిండలేదు. ఎందుకో అప్పుడు తెలీలేదు. ఇంటికెళ్ళినప్పుడు మావయ్యకి చెబుదామని చూశాను. "ఏం చెయ్యమంటే అది చేస్తుందా? అయితే పడవవాడికి రెండే ఇస్తానని చెప్పు" అన్నాడు. అందులో పడవవాడు లేడన్నాను. మరి నది ఉందా అన్నాడు. ఉంది, గాలి ఊదుకునే పడవ మనమే నడుపుకోవాలి అన్నాను. "అయితే ఇంక పోట్లాట ఎవుడితో?" అనేసి టీవీ పెట్టుకున్నాడు.

తర్వాత చాలా ఏళ్ళు ఉద్యోగం, పెళ్ళి, వేళచ్చేరిలో ఫ్లాటు. అవి చెప్పుకునేంత విషయాలు కావు. ఒకరోజు ఆఫీసులో మధ్యాహ్నం ఖాళీగా ఉండి వెతుకుతుంటే ప్రాజెక్ట్ ఆన్ అనే వెబ్‌సైట్ కనబడింది. జో డెవర్ 1999లో తన లోన్ వుల్ఫ్ పుస్తకాల్ని ఇంటర్నెట్లో ఉచితంగా పెట్టుకోమని అనుమతిచ్చాడు. అభిమానులు టైపు చేసి, తప్పులు దిద్ది, లింకులు పెట్టి ఒక్కొక్క పుస్తకమే ఎక్కించారు. అప్పటికి వాటిలో చాలా పుస్తకాలు మార్కెట్లో దొరకడం మానేశాయి. బతికున్న రచయిత తన బతుకుతెరువుని అలా ఊరికే ఇచ్చెయ్యడం నేను చూసింది అక్కడే. 2016 నవంబరులో ఆయన పోయారని చదివినప్పుడు మావయ్యకి ఫోన్ చేసి చెప్పాను. కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "ఆ అంకెల పట్టిక ఆయన సొంత ఆలోచనేనంటావా?" అని అడిగాడు.

2015 డిసెంబరు వరదల్లో మా గ్రౌండ్ ఫ్లోర్ ఫ్లాట్లోకి నీళ్ళొచ్చాయి. కింది అరలో పెట్టినవన్నీ పోయాయి, అగ్గికొండ మాంత్రికుడూ, మావయ్య గీసిన మ్యాపూ. ఆరబెట్టాం గానీ పేజీలు ఒకదానికొకటి అంటుకుని విడిపోలేదు. ఈ-బుక్స్ వైపు నేను పూర్తిగా మళ్ళింది ఆ తర్వాతే, ఇష్టంతో అని చెప్పలేను.

గేమ్‌బుక్ ఈ-బుక్ అయితే కొన్ని సుఖాలున్నాయి. అంకె నొక్కితే చాలు, పేజీ వెతకక్కర్లేదు. యాప్ అయితే పాచికలు అదే వేస్తుంది, స్టామినా అదే రాసుకుంటుంది. ఇంక్‌ల్ అనే ఇంగ్లండు కంపెనీ జాక్సన్ పాత సోర్సరీ పుస్తకాల్ని 2013 నుంచి ఒక్కొక్కటీ యాప్‌గా తెచ్చింది. అందులో మ్యాపు మీద వెనక్కి వెళ్ళి ఏ మలుపు నుంచైనా మళ్ళీ ఆడొచ్చు. మా వేళ్ళని అధికారికంగా ఒప్పుకున్నట్టే. కానీ ఒప్పుకున్నాక అది దొంగతనం కాదు కదా, మజా తగ్గింది. ఇంకో లోటు కూడా ఉంది. కాగితం పుస్తకంలో 217 కోసం తిప్పుతుంటే 215 దగ్గర బొమ్మ కంటబడేది, ఎక్కడో ఎవడో అస్థిపంజరాలతో కొట్లాడుతున్నాడని తెలిసేది. మనం వెళ్ళని దారులు కూడా ఉన్నాయని పేజీలే చెప్పేవి. తెర మీద మనం వెళ్ళిన దారి ఒక్కటే ఉంటుంది. ఇది పాతకాలపు మనిషి సణుగుడు కాదు, ఆట కట్టిన తీరే మారిపోయింది అంటున్నాను.

తెలుగు సంగతి వేరే బాధ. పేరున్న ఒక ఈ-బుక్ కంపెనీ 2016 చివర్లో భారతీయ భాషలు చేర్చినప్పుడు హిందీ, తమిళం, మరాఠీ, గుజరాతీ, మలయాళం వచ్చాయి, తెలుగు రాలేదు. మా ఆఫీసులో తమిళ అమ్మాయి రైల్లో తమిళ నవలలు రీడర్లో చదువుకుంటుంటే, నేను పక్క సీట్లో స్కాన్ చేసిన పాత చందమామ పీడీఎఫ్‌ని వేళ్ళతో పెద్దది చేసుకుని, ఒక్కో కాలమ్ జరుపుకుంటూ యక్షపర్వతం చదివేదాన్ని. దాసరిగారు 2010లో పోయారు. ఆయన సీరియల్స్ తర్వాత పుస్తకాలుగా వచ్చాయి, కొన్నాను. కానీ మావయ్య కాలికో బైండులో ఉన్న రంగు బొమ్మల పక్కన ఏదీ ఆనదు. ఆ బైండు ట్రంకుపెట్టెలో ఉండబట్టి బతికింది, ఇప్పుడు గూడూరులో ఉంది. రిటైరయ్యాక మావయ్య అక్కడే ఇల్లు కట్టుకున్నాడు.

లాక్‌డౌన్‌లో మా అమ్మాయి స్కూలు ప్రాజెక్టు కోసం ట్వైన్ అనే ఉచిత ప్రోగ్రాం దింపింది. 2009లో క్రిస్ క్లిమస్ అనే ఆయన చేసింది. కోడింగ్ రానివాళ్ళు కూడా గేమ్‌బుక్ రాసుకోవచ్చు. ఒక్కో పేరా ఒక్కో బాక్సు, రెండేసి చదరపు బ్రాకెట్లలో పేరు రాస్తే ఇంకో బాక్సుకి బాణం గీస్తుంది. చివరికి ఒకే ఒక్క వెబ్ పేజీ ఫైలుగా వస్తుంది, ఏ ఫోన్లోనైనా తెరుచుకుంటుంది. తెలుగు అక్షరాలు ఏ గొడవా పెట్టకుండా వచ్చాయి. జోర్క్ లాగా టైపు చేసేది చేద్దామా అని ముందు అనుకున్నాం గానీ, ఒకరు దీపం తీసుకో అంటారు, ఇంకొకరు దీపాన్ని పట్టుకో అంటారు, మావయ్య లాంటివాళ్ళు దీపం దీస్కో అంటారు. ఇన్ని రకాలు మెషీన్‌కి నేర్పే ఓపిక మా ఇద్దరికీ లేదు. నొక్కే ఆటే చాలనుకున్నాం.

కథ బకింగ్‌హామ్ కాలవ మీద పెట్టాం. 1877 ప్రాంతంలో కరువొచ్చినప్పుడు కూలిజనానికి పని చూపించడానికి మద్రాసులో కూవంనీ అడయారునీ కలిపే ముక్క తవ్వించారు, కాలవకి అప్పటి గవర్నరు పేరు పెట్టారు. ఇప్పుడు మద్రాసులో దాన్ని చూస్తే ముక్కు మూసుకోవాలి. మావయ్య చిన్నప్పుడు పులికాట్ మీదుగా నెల్లూరు వైపు నుంచి కట్టెల పడవలు వచ్చేవి. మా వీరుడు ఆ కట్టెల పడవెక్కి మద్రాసు చేరాలి, దారిలో లాకుల దగ్గర ఒక మాంత్రికుడు. లాకులు ఎలా తెరుస్తారు, తాడు ఒడ్డున నడిచి ఎవరు లాగుతారు, రాత్రి పడవలో వంట ఎక్కడ చేస్తారు, ఇవన్నీ మావయ్య ఫోన్లో చెప్పాడు. చెబుతూ చెబుతూ ప్రతిసారీ, "పడవవాణ్ణి మంచోడిగా పెట్టండి మే, మా నాయన కూడా పడవ లాగినోడే" అనేవాడు. అగ్గికొండ పడవవాడి మీద అన్నేళ్ళు కత్తి దూసిన మనిషి!

ఫైలు పంపితే ఫోన్లో ఆడి, వాట్సాప్‌లో వాయిస్ మెసేజులు పెడతాడు. పన్నెండో బాక్సు దగ్గర తిరిగి తిరిగి అక్కడికే వస్తున్నానని ఒకటి. అక్షరాలు చిన్నగా ఉన్నాయని ఒకటి. పాచికలు ఫోనే వేస్తే ఎట్టా నమ్మేదని ఒకటి. అందుకని మా అమ్మాయి ఆయన కోసం ప్రత్యేకంగా ఒక వెర్షన్ చేసింది, అందులో పాచికలు ఇంట్లో వేసుకుని అంకె నొక్కొచ్చు. ఆయనకి ఎప్పుడూ ఆరే పడుతోంది.

మొన్న వచ్చిన మెసేజి ఇది: "ఏమ్మా బుజ్జమ్మా, పడవ మద్రాసు చేరినాక కట్టెలు దించేసి ఖాళీ పడవతో ఎవుడన్నా వెనక్కి వస్తాడా? ఏదన్నా సరుకు ఎక్కించుకోబళ్ళా?" దాంతో మా అమ్మాయి తిరుగు ప్రయాణానికి కొత్త బాక్సులు గీయడం మొదలుపెట్టింది. ఓడిపోయిన మాంత్రికుణ్ణి కట్టేసి సరుకుతోపాటు ఎక్కిద్దామా, ఎక్కిస్తే వాడికి కూడా పడవ కూలి వసూలు చెయ్యాలా అని అడుగుతోంది. నాకు తెలీదు, ఆదివారం ఫోన్ చేసినప్పుడు తాతయ్యనే అడగమన్నాను.